వెబ్ అప్లికేషన్ ప్రతిష్ఠాపన విధానము – ఒక పరిశీలనము

ఉపోద్ఘాతము

ప్రాచ్యవిద్యా సంస్థలలో నేడు తాళపత్ర గ్రంథసూచులు, నిఘంటువులు, పద్యానుక్రమణికలు కంప్యూటరుపై సిద్ధమగుచున్నవి. ఈ పని చేయించు అధ్యాపకులకు ఒక అనుభవము తరచుగా ఎదురగును. సూచిని నిర్మించిన యువకుడు తన కంప్యూటరుపై దానిని చూపినపుడు అన్నియు సక్రమముగానే యుండును. గ్రంథనామము నడిగిన గ్రంథము దొరకును. కర్తృనామము నడిగిన కర్త దొరకును. అందరును సంతోషింతురు. అదే సూచిని లోకమంతయు చూచుటకు వీలుగా ఇంటర్నెట్టులో నుంచిన మరునాడు తెలుగక్షరములున్న చోట ప్రశ్నార్థక చిహ్నములు బారులు తీరి యుండును. లేదా పుటయే తెరచుకొనదు. నిర్మాత నడిగినచో “నా కంప్యూటరులో పనిచేయుచునే యున్నది” అని బదులు చెప్పును.

ఆ మాట అసత్యము కాదు. అది ఎందువలన సత్యమో, సత్యమయ్యును ఎందువలన చాలదో వివరించుట ఈ వ్యాసోద్దేశము. ప్రోగ్రాములు వ్రాయుట నేర్పుట ఇచట తలపెట్టలేదు. ఐనను పని చేయించువారు, పరీక్షించువారు, తుదకు బాధ్యత వహించువారు అధ్యాపకులే కనుక, నిర్మాతను ఏయే ప్రశ్నలడుగవలెనో వారికి తెలిసియుండుట ఆవశ్యకము. ఆ ప్రశ్నలలో పెక్కింటికి మన శాస్త్రములలో సమీపమైన పోలికలు కలవు. వానిని ఆధారము చేసికొని విషయమును ప్రతిపాదింతును.

పరిభాష

ఇతరులు పంపు ప్రశ్నలకు ఎల్లవేళల బదులిచ్చుచు, నిరంతరము నడచు కంప్యూటరు సర్వర్ అనబడును. ప్రజలు నిజముగా వాడుకొను సర్వర్ లైవ్ సర్వర్. నిర్మాత తన కంప్యూటరుపై వ్రాసిన అప్లికేషనును లైవ్ సర్వరునకు చేర్చి వాడుకలోనికి తెచ్చు క్రియను డిప్లాయ్‌మెంట్ అందురు. శిల్పశాలలో చెక్కిన మూర్తిని ఆలయమునకు కొనితెచ్చి ప్రతిష్ఠించుటతో దీనికి సామ్యము కలదు. కావున ఈ వ్యాసమున ప్రతిష్ఠాపనము అను పదము వాడబడినది.

ఆరంభదశలో ఈ రెండు స్థలములకును భేదము లేకుండెను. స్విట్జర్లాండులోని సెర్న్ పరిశోధన సంస్థలో టిమ్ బెర్నర్స్-లీ 1990వ సంవత్సరాంతమున నడిపిన తొలి వెబ్ సర్వర్, ఆయన పని చేసికొను నెక్స్ట్ కంప్యూటరే. వ్రాసినదియు అచటనే, లోకమునకు చూపినదియు అచటనే. దానిని ఎవరును పొరపాటున ఆర్పివేయకుండ ఒక చీటిపై హెచ్చరిక వ్రాసి దానికే అంటించిరి. తరువాత వాడుకరులు పెరిగిన కొలది వ్రాయుచోటును, నడుపుచోటును వేరుచేయవలసి వచ్చినది. ఆ వేరుపాటుతోనే ప్రతిష్ఠాపన సమస్య పుట్టినది.

సౌలభ్యముకొరకు ఒక ఉదాహరణమును గ్రహింతము. ఒక ప్రాచ్య కళాశాల గ్రంథాలయమున తాళపత్ర గ్రంథసూచి సిద్ధమైనదనుకొందము. అది పైతన్ భాషలో, జాంగో అను ఫ్రేమ్‌వర్కు ఆధారముగా వ్రాయబడినది. గ్రంథముల వివరములు డేటాబేసులో నున్నవి. తాటాకుల ఛాయాచిత్రములు వేరుగా ఫైళ్లలో నున్నవి. దీనిని లైవ్ సర్వరుపై ప్రతిష్ఠింపవలెను.

అనువృత్తి న్యాయము

పాణినీయమున సుమారు నాలుగువేల సూత్రములు కలవు. అందు పెక్కు సూత్రములు విడిగా చదివినచో అర్థము నీయవు. పైసూత్రమునుండి పదములు దిగివచ్చి చేరిన పిమ్మటనే వాక్యము పూర్ణమగును. ఇదియే అనువృత్తి. గురుముఖమున వరుసగా చదివినవానికి ఆ పదములు వ్రాయకున్నను వినబడును. ఒక సూత్రమును మాత్రము పెరికి వేరొకచోట నాటినచో దానిని పోషించిన పదములు వెంటరావు.

అప్లికేషన్ విషయమునను ఇట్లే యగును. నిర్మాత వ్రాసిన ప్రోగ్రాము అతని కంప్యూటరులో ఎన్నో అలిఖిత విషయములపై ఆధారపడి నడచుచుండును. ఆరు నెలలక్రింద అతడు స్థాపించి మరచిన లైబ్రరీలు, అతని ఆపరేటింగ్ సిస్టము, తెలుగు ఫాంటు, గడియారము సూచించు కాలమండలము, ఫైళ్లున్న మార్గము, డేటాబేసు స్వభావము, అన్నియు ప్రోగ్రామునకు అనువృత్తములే. అవి అచట నున్నంతకాలము కనబడవు. లైవ్ సర్వరుపై అవి లేనపుడు మాత్రమే వాని ఉనికి తెలియవచ్చును. “నా కంప్యూటరులో పనిచేయుచున్నది” అను మాట ఇందువలననే సత్యము. ప్రతిష్ఠాపనమనగా కేవలము ఫైళ్లను నకలు చేయుట కాదు. అనువృత్తముగా వచ్చుచున్న ప్రతి విషయమును కంఠోక్తిగా వ్రాసియుంచుట. ఈ వ్యాసమున చెప్పదలచిన ప్రధానాంశ మిదియే. తక్కినదంతయు దీని విస్తరమే.

గణపాఠము, ఆకృతిగణము

సూత్రములలో పాణిని ఒక గణమును మొదటి పదముతో సూచించి “ఆది” శబ్దముతో విడిచిపెట్టును. సర్వాది గణమున ఏయే పదములు కలవో తెలియుటకు గణపాఠము కావలెను. గణపాఠము లేనిదే సూత్రము ప్రవర్తింపదు. అట్లే, అప్లికేషన్ వాడుకొను లైబ్రరీల పట్టిక ఒకటి దానితో కూడ నుండవలెను. పైతన్ అప్లికేషనులలో దీనిని ఒక చిన్న ఫైలుగా వ్రాయుట వాడుక.

ఇందొక సూక్ష్మము కలదు. వైయాకరణులు గణములలో కొన్నింటిని నియతములుగను, కొన్నింటిని ఆకృతిగణములుగను పరిగణింతురు. ఆకృతిగణమునకు పదములు ఇన్నియే యను కట్టడి లేదు. రూపమును బట్టి మరికొన్ని చేరవచ్చును. లైబ్రరీల పట్టికలో పేరును మాత్రము వ్రాసి వెర్షన్ సంఖ్య వ్రాయకున్నచో అది ఆకృతిగణమువంటి దగును. నిర్మాత కంప్యూటరులో ఒక వెర్షన్, సర్వరుపై ఆనాటికి లభ్యమగు వేరొక వెర్షన్ చేరును. రెంటికిని పేరొకటే, ప్రవర్తన వేరు. వ్యాకరణమున ఆకృతిగణము ప్రయోగ వైశాల్యమునకు తోడ్పడును గాని, ప్రతిష్ఠాపనమున అది అనర్థహేతువు. ఇచట ప్రతి గణమును నియతమే కావలెను. ప్రతి లైబ్రరీ పేరు ప్రక్క దాని వెర్షన్ సంఖ్య నిలువవలెను. 2013లో వెలువడిన డాకర్ వంటి సాధనములు ఇంకొక అడుగు ముందునకు వేసి, ప్రోగ్రామును దాని లైబ్రరీలతో సహా ఒకే పెట్టెలో కట్టి పంపుటను సులభము చేసినవి.

ప్రోగ్రాము పాఠమునకు సంబంధించిన నియమమును ఇచటనే చెప్పవలెను. ప్రతి మార్పును తేదీతోను, కర్తతోను నమోదు చేయు సాధనములలో నేడు మిక్కిలి వ్యాప్తిలో నున్నది గిట్. లైనస్ టోర్వాల్డ్స్ దీనిని 2005లో ఆరంభించెను. లైవ్ సర్వరునకు చేరు పాఠము గిట్‌లో నమోదైన పాఠమే కావలెను. సర్వరుపై కూర్చుండి ఒక అక్షరమును చేతితో దిద్దినను మూలప్రతికిని, వాడుకలోని ప్రతికిని పాఠభేదము ఏర్పడును. తరువాతి ప్రతిష్ఠాపనమున ఆ దిద్దుబాటు చెరిగిపోవును. ఏది శుద్ధపాఠమో నిర్ణయించుటకు పరిష్కర్త పడు పాట్లన్నియు నిర్మాత పడవలసి వచ్చును.

అక్షర సంకేతములు

తెలుగు గ్రంథసూచికి లైవ్ సర్వరుపై మొదటి గండము అక్షరములవలన వచ్చును. తెలుగు లిపి 1991లో వెలువడిన యూనికోడ్ తొలి ప్రతిలోనే చోటు సంపాదించినది. యుటిఎఫ్-8 పద్ధతిలో ప్రతి తెలుగు సంకేతమునకు మూడు బైట్లు పట్టును. మనము ఏకాక్షరముగా భావించు “శ్రీ” యందు శకారము, పొల్లు, రేఫము, ఈకార చిహ్నము అని నాలుగు సంకేతములు కలవు. అనగా పండ్రెండు బైట్లు. గ్రంథనామమునకు ఇన్ని బైట్ల చోటు చాలునని ఆంగ్లపు లెక్కతో నియమించిన డేటాబేసులో దీర్ఘనామములు పట్టక పోవును.

ఇంతకన్న ఘోరమైనది అక్షరనాశము. మైసీక్వెల్ డేటాబేసు 2018లో 8.0 వెర్షన్ వెలువడువరకు పశ్చిమ ఐరోపా భాషలకు చాలిన లాటిన్-1 సంకేతములనే సహజముగా గ్రహించెడిది. అట్టి పట్టికలో తెలుగును చేర్చబోయినచో, అమరికను బట్టి అది నిరాకరింపవచ్చును, లేదా ప్రతి సంకేతమునకు బదులు ఒక ప్రశ్నార్థక చిహ్నమును నిలుపవచ్చును. రెండవ పక్షమున సంభవించు నష్టము చూపునకు సంబంధించినది కాదు. ఫాంటు లేక అక్షరములు గళ్లుగా కనబడినచో ఫాంటు నమర్చిన కనబడును. ప్రశ్నార్థకమై నిలిచినపుడు మూలాక్షరము డేటాబేసులో లేనే లేదు. ఏ ఉపాయముచేతను తిరిగి రాదు. చెదలు తిన్న తాటాకునకును దీనికిని భేదము లేదు. నిర్మాత కంప్యూటరులో కొత్త వెర్షన్, సర్వరుపై పాత వెర్షన్ ఉండుటయే దీనికి తరచుగా కారణము.

మైసీక్వెల్‌లో “యుటిఎఫ్8” అను పేరు చూచి నిశ్చింతగా నుండుటయు తగదు. చిరకాలము ఆ పేరు మూడు బైట్ల సంకేతములవరకే పరిమితమైన పద్ధతికి వాడబడినది. తెలుగునకు, దేవనాగరి లిపిలోని ముఖ్య సంకేతములకు అది చాలును. కాని 2014లో యూనికోడ్‌లో చేరిన గ్రంథలిపికి ఒక్కొక్క సంకేతమునకు నాలుగు బైట్లు కావలెను. తెలుగుదేశపు తాళపత్రములను తెలుగులిపిలోను, దాక్షిణాత్య సంస్కృత తాళపత్రములను గ్రంథలిపిలోను చూపదలచిన సూచికి “యుటిఎఫ్8ఎమ్‌బి4” అను పూర్ణ పద్ధతియే శరణ్యము.

అకారాది క్రమము విషయమునను జాగ్రత్త వలయును. పోస్ట్‌గ్రెస్ డేటాబేసు అక్షరక్రమమునకు చిరకాలముగా ఆపరేటింగ్ సిస్టములోని సి లైబ్రరీపై ఆధారపడుచు వచ్చినది. లినక్స్ వ్యవస్థలలో వాడు గ్లిబ్‌సి లైబ్రరీ 2018 నాటి 2.28 వెర్షన్‌లో క్రమనియమములను మార్చగా, అంతకు పూర్వము కట్టిన డేటాబేసు సూచికలు కొత్త క్రమముతో పొసగక, తిరిగి కట్టవలసిన స్థితి ఏర్పడినది. అనగా డేటాబేసులో ఉన్న పదము వెదకినపుడు దొరకకపోవు ప్రమాదము కలదు. మరియొకటి: “ఐ” స్వరచిహ్నమును యూనికోడ్ ఏకసంకేతముగను, రెండు సంకేతముల కలయికగను వ్రాయ ననుమతించును. కంటికి రెండును ఒకటే; కంప్యూటరునకు వేరు. డేటాబేసునకు చేర్చుటకు ముందే అన్నింటిని ఒకే రూపమునకు తెచ్చినగాని అన్వేషణము నమ్మదగినది కాదు.

ఛాయాచిత్రముల ఫైళ్ల పేర్లలో కూడ ఇట్టి చిక్కు కలదు. విండోస్ వ్యవస్థ సాధారణముగా ఆంగ్లపు పెద్దబడి, చిన్నబడి అక్షరములకు భేదము పాటింపదు, లినక్స్ పాటించును. ఇంట కనబడిన చిత్రము సర్వరుపై కనబడకపోవుటకు ఇదియొక హేతువు.

కాలమానము

గ్రంథసూచితోపాటు కళాశాల పంచాంగ వివరములనుకూడ చూపదలచినదనుకొందము. సర్వర్ల గడియారములను సాధారణముగా సార్వత్రిక సమన్వయ కాలముననుసరించి నడుపుదురు. భారత కాలమానము దానికంటె అయిదున్నర గంటలు ముందు. మనకు తెల్లవారుజామున అయిదుగంటలైనపుడు సర్వరునకు ముందురోజు రాత్రి పదకొండున్నర. అప్లికేషన్ సర్వర్ గడియారమును చూచి తేదీని చెప్పినచో అర్ధరాత్రినుండి ఉదయము అయిదున్నరవరకు నిన్నటి తేదీనే చూపును. నిర్మాత కంప్యూటరు భారత కాలమున నడచుటచే ఈ దోష మచట కనబడదు. వారము సూర్యోదయముతో మారునను మన సంప్రదాయము నెరిగినవారు దీనిని దోషముగా గాక శాస్త్రీయతగా భ్రమించు అవకాశముకూడ కలదు. అనుకూలముగా కనబడు తప్పు పట్టుటకు కష్టతరము. కాలమండలమును అప్లికేషన్ సెట్టింగులలో స్పష్టముగా వ్రాయుటయే దీనికి పరిష్కారము.

సెట్టింగులు, రహస్యములు, ద్వారము

డేటాబేసు పాస్‌వర్డు, సంతకములకు వాడు రహస్యకీలకము ప్రోగ్రాము పాఠములో వ్రాయదగవు. ప్రోగ్రామును నకలు చేసిన ప్రతివానికి అవి తెలియును. గిట్‌లో ఒకసారి నమోదైనచో పై ప్రతినుండి తొలగించినను చరిత్రలో నిలిచియుండును. వానిని సర్వరుపై వేరుగా, ప్రోగ్రామునకు వెలుపల నుంచవలెను. జాంగోలో డీబగ్ అను అమరిక కలదు. నిర్మాణదశలో అది తప్పులను విపులముగా చూపి తోడ్పడును. లైవ్ సర్వరుపై దానిని తెరచియుంచినచో అదే వివరము అపరిచితులకును అందును. దానిని మూయగనే మరియొక మార్పు జరుగును. అంతవరకు జాంగో తానే అందించుచుండిన రంగులు, అమరికల ఫైళ్లు ఇక అందవు; పుట వెలవెలబోవును. వానిని ఒకచోటికి చేర్చి ముందున్న వెబ్ సర్వర్‌చే అందింపజేయవలెను.

ఆ ముందున్న వెబ్ సర్వర్ ద్వారపాలకునివంటిది. ఇగోర్ సిసోయెవ్ నిర్మింపగా 2004లో వెలువడిన ఎంజిన్ఎక్స్ ఈ పనికి ప్రసిద్ధము. అది బయటివారి ప్రశ్నలను స్వీకరించి, చిత్రములవంటి స్థిరమైన ఫైళ్లను తానే అందించి, ఆలోచన కావలసిన ప్రశ్నలను లోపలనున్న అప్లికేషనునకు పంపును. అప్లికేషన్ ఆగిపోయినను, సర్వర్ ఆరి వెలిగినను దానిని తిరిగి లేపుటకు సిస్టమ్‌డి వంటి పర్యవేక్షకుడు కావలెను. నిర్మాత తన తెరపై చేతితో ఆరంభించిన ప్రోగ్రాము అతడు తెర మూయగనే ఆగిపోవచ్చును.

పాఠకునకును సర్వరునకును మధ్య సంభాషణము గుప్తముగా నుండుటకు ధ్రువపత్రము కావలెను. లెట్స్ ఎన్‌క్రిప్ట్ సంస్థ 2015 చివరినుండి ప్రజలకు దీనిని ఉచితముగా ఇచ్చుచున్నది. ఆరంభమునుండి 90 దినముల గడువుతో ఇచ్చుచు వచ్చినది; ధ్రువపత్రముల గడువులు ఇంకను తగ్గు దిశలోనే సాగుచున్నవి. చేతితో పునరుద్ధరింతుమనుకొన్నవారు మరచిననాడు పాఠకునకు భయంకరమైన హెచ్చరిక కనబడును. యంత్రమే స్వయముగా పునరుద్ధరించు ఏర్పాటు మొదటిరోజుననే చేయవలెను.

క్రమ విచారము

మీమాంసకులు ప్రయోగవిధి సందర్భమున క్రమమును నిర్ణయించు ప్రమాణములను శ్రుతి, అర్థ, పాఠ, స్థాన, ముఖ్య, ప్రవృత్తులని ఆరు విధములుగా విభజించిరి. అందు అర్థక్రమమునకు ప్రసిద్ధోదాహరణము అగ్నిహోత్రము. పాఠమున హోమము ముందు, యవాగువును వండుట పిమ్మట చెప్పబడినవి. ఐనను వండిన యవాగువుతోనే హోమము చేయవలసియుండుటచే ప్రయోజనమును బట్టి పాకమే ముందు కావలెను. పాఠక్రమముకంటె అర్థక్రమము బలీయము.

ప్రతిష్ఠాపనమున ఈ విచారమే కార్యసిద్ధికి మూలము. మన గ్రంథసూచిలో ఇంతవరకు “కాలము” అను ఒకే గడి కలదనుకొందము. పండితులు ఆక్షేపింపగా దానిని “రచనా కాలము”, “లేఖన కాలము” అని రెండుగా విభజింప నిశ్చయించితిమి. కావ్యము పుట్టిన కాలమును, ఆ తాటాకు వ్రాయబడిన కాలమును వేరు కనుక ఇది న్యాయమే. నిర్మాత కొత్త ప్రోగ్రామును ముందు చేర్చినచో అది ఇంకను ఏర్పడని గడులను వెదకి విఫలమగును. పాత గడిని ముందు తొలగించినచో పాత ప్రోగ్రాము విఫలమగును. గడిలోని వివరములును పోవును.

సరియైన క్రమ మిది. మొదట వివరముల నమోదును కొంతసేపు నిలిపి, డేటాబేసు ప్రతిని తీసి భద్రపరుపవలెను. రెండవది, పాత గడిని ముట్టక, ఖాళీగా నుండుటకు వీలిచ్చి రెండు కొత్త గడులను చేర్చవలెను; పాత ప్రోగ్రాము వానిని గమనింపకయే నడచుచుండును. మూడవది, పాత వివరములను పరిశీలించి కొత్త గడులలో నింపవలెను. నాలుగవది, కొత్త ప్రోగ్రామును ప్రతిష్ఠింపవలెను. అయిదవది, కొన్నిదినములు గమనింపవలెను. పాత గడిని తొలగించుట ఆరవది. అది ఈ ప్రతిష్ఠాపనములో గాక తరువాతి ప్రతిష్ఠాపనములో జరుగవలెను. ఈ క్రమమున ఎచట ఆగినను నడచుచున్న సూచికి భంగము లేదు. వెనుకకు మరలు దారి చివరివరకు తెరచియుండును.

ఈ క్రమమునంతయు ముందుగా ఆచరించి చూచుటకు లైవ్ సర్వరును పోలిన వేరొక సర్వరు నుంచుకొనుట ఉత్తమము. దీనికి స్టేజింగ్ అని పేరు. అచ్చునకు ముందు ప్రూఫు చూచుటవంటిది.

ప్రాయశ్చిత్త విచారము

శ్రౌతప్రయోగములలో కర్మలోపము సంభవించినపుడు చేయదగిన ప్రాయశ్చిత్తములు ముందే విధింపబడియున్నవి. లోపము జరిగిన పిమ్మట ఆలోచింతుమని పూర్వులు విడువలేదు. లైవ్ సర్వరుపై రెండు ప్రాయశ్చిత్తములు ముఖ్యములు. ఒకటి, పూర్వపు ప్రోగ్రామునకు మరలుట. ప్రతి వెర్షనును వేరొక ఫోల్డరులో నుంచి, “ప్రస్తుతము” అను ఒక సూచన మాత్రము కొత్తదానివైపు త్రిప్పు పద్ధతి కలదు. లోపము కనబడినచో సూచనను పాతదానివైపు త్రిప్పిన చాలును. రెండవది, డేటాబేసు ప్రతి, అనగా బ్యాకప్. ఇవి ఉన్నవని నమ్ముట చాలదనుటకు రెండు దృష్టాంతములు చరిత్రలో కలవు.

మొదటిది. 2012 ఆగస్టు 1వ తేదీన అమెరికాలోని నైట్ కాపిటల్ అను షేర్ల వ్యాపారసంస్థ కొత్త ప్రోగ్రాముతో వ్యాపార మారంభించినది. ఎనిమిది సర్వర్లలో ఏడింటికే కొత్త ప్రోగ్రాము చేరినది. ఎనిమిదవదానిపై ఏండ్లక్రిందటనే వాడుక మానిన పాత భాగము అట్లే యుండెను. కొత్త ప్రోగ్రాము ఏ సంకేతముతో మేల్కొనవలెనో, ఎనిమిదవ సర్వరుపై ఆ సంకేతముతోనే పాత భాగము మేల్కొన్నది. సుమారు 45 నిమిషములలో సంస్థకు 46 కోట్ల డాలర్లకు పైగా నష్టము వాటిల్లినది. కారణము తెలియక, సరిగా నున్న ఏడు సర్వర్లనుండియు కొత్త ప్రోగ్రామును తొలగింపగా దోషము వానికికూడ వ్యాపించినది. ఏలయన ప్రోగ్రాము వెనుకకు మరలినను సంకేతము మరలలేదు. అన్ని సర్వర్లపై ఒకే పాఠము కలదా యని రెండవ వ్యక్తి సరిచూచు నియమము ఆ సంస్థలో లేకుండెనని అమెరికా ప్రభుత్వ నియంత్రణ సంస్థ 2013లో వెల్లడించినది.

రెండవది. 2017 జనవరి 31వ తేదీన గిట్‌ల్యాబ్ సంస్థలో ఒక ఇంజనీరు రాత్రివేళ రెండవ సర్వరుపై తుడువవలసిన డేటాబేసును పొరపాటున ప్రధాన సర్వరుపై తుడిచివేసెను. బ్యాకప్ కొరకు చూడగా క్రమముగా జరుగవలసిన ప్రతులు ఏర్పడియే యుండలేదు. డేటాబేసు 9.6 వెర్షన్‌లో నుండగా ప్రతిని తీయు సాధనము 9.2 వెర్షన్‌దగుటచే అది ప్రతిదినము విఫలమగుచుండెను. వైఫల్యమును తెలుపు ఈమెయిళ్లుకూడ వారికి చేరలేదు. అదృష్టవశమున ఆరుగంటలక్రితము వేరొక పనికై తీసిన ప్రతి యొకటి దొరకినది. నడుమనున్న వివరములు పోయినవి. ఆ సంస్థ ఈ వృత్తాంతమును దాచక సమగ్రముగా ప్రకటించుటవలననే మనకు తెలిసినది. పూర్వోక్తమైన ఆకృతిగణ దోషమే ఇచటను కారణమగుట గమనింపదగినది. తిరిగి తెరచి చూడని బ్యాకప్ బ్యాకప్ కాదు. ప్రతిని వేరొక కంప్యూటరుపై నిలిపి, కొన్ని గ్రంథములను వెదకి, తెలుగక్షరములు చెక్కుచెదరలేదని కంటితో చూచిన పిమ్మటనే దానిని నమ్మవలెను.

ఉపసంహారము

కల్పసూత్రములు కర్మను సంక్షేపముగా చెప్పును. ఏ ద్రవ్యము ఎచట నుంచవలెనో, ఏ క్రియ పిమ్మట ఏది జరుగవలెనో అడుగడుగున చెప్పునవి ప్రయోగగ్రంథములు. సూత్రకర్త ఎదుట లేకున్నను, తరములు గడచినను కర్మ నడచుటకు అవియే కారణము. మన సంస్థలలోని గ్రంథసూచులకు సూత్రము కలదు గాని ప్రయోగము తరచుగా లేదు. నిర్మించిన యువకునకు వేరొకచోట ఉద్యోగము వచ్చును. సర్వర్ అద్దె చెల్లించు తేదీ ఎవరికిని తెలియదు. పాస్‌వర్డు అతని జ్ఞాపకములోనే యుండును. సంవత్సరములు శ్రమించి పండితులు విప్పి చదివిన తాళపత్రముల వివరములు ఒకనాడు తెరమీదినుండి మాయమగును. తాటాకు నిర్లక్ష్యమును శతాబ్దములు ఓర్చినది. సర్వర్ ఒక నెల అద్దె బాకీనికూడ ఓర్వకపోవచ్చును.

కావున సూచిని స్వీకరించునపుడు అధ్యాపకులు తెరమీది అందమును చూచి తృప్తిపడరాదు. ప్రయోగపత్రమును అడుగవలెను. అందు ప్రోగ్రాము పాఠము ఎచట నున్నదో, లైబ్రరీలు ఏ వెర్షన్లవో, అక్షర సంకేతము ఏదో, కాలమండలము ఏదో, రహస్యములు ఎవరి రక్షణలో నున్నవో, ప్రతిష్ఠాపన క్రమ మేదో, బ్యాకప్ ఎచట నున్నదో, దానిని చివరిసారి తెరచి చూచిన తేదీ ఏదో వ్రాసియుండవలెను. ఆ పత్రము సరియైనదా కాదా యనుటకు పరీక్ష యొక్కటియే. నిర్మాతకాక వేరొకడు, నిర్మాతను ఒక్కమాటయు అడుగక, దానిని చదువుచు ఖాళీ సర్వరుపై సూచిని నిలుపగలగవలెను. అతడు ఎచట ఆగి “తరువాత ఏమి?” యని అడుగునో, అచటనే ఒక అనువృత్తి వ్రాయబడక మిగిలియున్నదని తెలియవలెను. దానిని వ్రాసి మరల పరీక్షింపవలెను. ప్రశ్న పుట్టక పని పూర్తియైననాడే సూచి ప్రతిష్ఠితమైనదని చెప్పదగును.